ఒక గ్రామం, అనేక కాలరేఖలు: కైఫీయతుల కాలగణన – పరిష్కరణ సమస్య

ప్రవేశిక

పొంతన కుదరని కాలరేఖలను పక్కపక్కనే భద్రపరచే శాస్త్రం ఒకటి ఉందంటే అది కల్పనాకథలోని విషయమనిపిస్తుంది. కాని పంతొమ్మిదో శతాబ్ది తొలి దశకాల్లో తెలుగుసీమలో సేకరించిన గ్రామ కైఫీయతులు చాలావరకు ఆ పనే చేశాయి. వాటిలో యుగాలు, శాలివాహన శకం, ప్రభవాది సంవత్సరాలు, హిజరీ, ఫసలీ ఒకే గ్రామచరిత్రలో చోటు చేసుకున్నాయి. ఈ గణనలన్నింటినీ క్రీస్తుశకంలోకి మార్చి ఒకే వరుసలో పెట్టడం నేటి పరిష్కరణల్లో సాధారణం. అలా మార్చినప్పుడు మూలంలోని సాక్ష్యం కొంత చెరిగిపోతుందని చూపడం ఈ వ్యాసం ఉద్దేశం.

సేకరణ నేపథ్యం

కల్నల్ కాలిన్ మెకంజీ (1754–1821) సర్వే ఉద్యోగంలో ఉంటూ దక్షిణదేశమంతటా శాసనాలను, తాళపత్రాలను, స్థానిక వృత్తాంతాలను సేకరింపజేశాడు. ఈ పనికి కావలి సోదరులు బొర్రయ్య, లక్ష్మయ్య మూలస్తంభాలు. 1803లో బొర్రయ్య మరణించగా లక్ష్మయ్య ఆ కృషిని కొనసాగించాడు. మెకంజీ మరణానంతరం సేకరణను కంపెనీ కొనుగోలు చేసింది. హెచ్.హెచ్. విల్సన్ రూపొందించిన వివరణ పట్టిక 1828లో వెలువడింది. శిథిలమవుతున్న కాగితాలకు సి.పి. బ్రౌన్ నకళ్లు రాయించడం వల్ల తెలుగు కైఫీయతుల్లో గణనీయమైన భాగం మనదాకా వచ్చింది.

కైఫీయతు అంటే స్థితిగతుల వివరణ. గ్రామకరణాల వద్ద ఉన్న దండకవిలెలు, దేవాలయ శాసనాల నకళ్లు, పెద్దల నోటిమాట దీనికి ఆధారాలు. కనుక ఒక్కొక్క కైఫీయతు ఒకే రచయిత ఒకే కాలంలో రాసిన గ్రంథం కాదు. పొరలు పొరలుగా పేరుకున్న దస్త్రం.

గణనకొక ప్రయోజనం

ఈ పొరల్లో కాలగణన మారడం యాదృచ్ఛికం కాదు. క్షేత్రమాహాత్మ్యాన్ని, గ్రామనామాన్ని వివరించే చోట కృత, త్రేతాయుగాల ప్రసక్తి వస్తుంది. దానశాసనాలను ఉదహరించే చోట శకవర్షం, సంవత్సరనామం, తిథి కనిపిస్తాయి. మహమ్మదీయ ప్రభువుల అమలు, శిస్తు వ్యవహారాల దగ్గరికి వచ్చేసరికి హిజరీ, ఫసలీ లెక్కలు ముందుకు వస్తాయి. యుగగణన దేవుని మహిమకు, శకగణన దానపు హక్కుకు, ఫసలీ రాజ్యానికి చెల్లించవలసిన పన్నుకు సంబంధించినవి. ఏ గణన వాడారన్నదే ఆ వాక్యం ఎవరికోసం, ఏ హక్కు నిలుపుకోవడం కోసం చెప్పబడిందో సూచిస్తుంది.

శక వర్షం 1067: ఒక పరిశీలన

గుంటూరు సీమ కైఫీయతుల్లో పలుచోట్ల ఒక వృత్తాంతం పునరావృతమవుతుంది. గజపతి సింహాసనం మీద ఉన్న గణపతి మహారాజు కాలంలో, ఆయన ప్రధాని గోపరాజు రామన్న, శాలివాహన శకం 1067 రక్తాక్షి సంవత్సరం భాద్రపద అమావాస్యనాడు సూర్యగ్రహణ సమయంలో నియోగులకు గ్రామ మిరాశీలు పంచి ఇచ్చాడన్నది దాని సారాంశం.

శకాంకానికి 78 కలిపి దీనిని 1145గా గుర్తించడం వాడుక. అయితే 1067ను గతవర్షంగా తీసుకుంటే వచ్చే 1145–46 క్రోధన సంవత్సరం, రక్తాక్షి కాదు. రక్తాక్షి కావాలంటే 1067ను వర్తమానవర్షంగా గ్రహించాలి. అప్పుడు భాద్రపదం 1144లో పడుతుంది. ఏ సంవత్సరం తీసుకున్నా రాజు మాత్రం కుదరడు. కాకతీయ గణపతిదేవుని పాలన 1199లో మొదలైంది. కపిలేంద్రుడు గజపతి వంశపాలనను స్థాపించింది పదిహేనో శతాబ్దిలో. మరోవైపు, అరవైయేండ్ల ఆవృత్తిలో రక్తాక్షి 1204–05లో తిరిగి వచ్చింది. అది గణపతిదేవుని పాలనాకాలమే. ఇంతమాత్రాన మిరాశీల పంపకం ఆ యేట జరిగిందని తేల్చడం తొందరపాటు. శకాంకం, సంవత్సరనామం, రాజనామం, సింహాసనం వేర్వేరు స్మృతుల నుంచి వచ్చి ఒకే వాక్యంలో చేరి ఉండవచ్చునని మాత్రం చెప్పవచ్చు.

ఇది కరణాల కల్పన అని తోసిపుచ్చవచ్చునా? వృత్తాంతం చెప్పినవారే మిరాశీ హక్కుదారులు కాబట్టి ఆ అనుమానానికి తావుంది. అయినా కాలవిరుద్ధత కూడా సాక్ష్యమే. గజపతి సింహాసన ప్రస్తావన వల్ల, ఈ వృత్తాంతం ప్రస్తుత రూపాన్ని పదిహేనో శతాబ్దికి ముందు పొంది ఉండదని తేలుతుంది. గజపతుల అధికారాన్ని చూసిన తరాలు తమ పాత హక్కుకు ఆ పేరును ఆసరా చేసుకున్నాయని ఊహించవచ్చు. 1145 అన్న ఒక్క అంకెతో సరిపెడితే ఈ విషయం కనబడకుండా పోతుంది.

గణనలు పరస్పరం కలిసే సందర్భాలూ ఉన్నాయి. శ్రీకృష్ణదేవరాయలు కొండవీడు జయించిన శకం 1437 యువ సంవత్సరం 1515తో సరిగా పొసగుతుంది. దీనికి శాసనాధారం కూడా ఉంది. పొసగిన చోటికి విలువ తెలియాలంటే పొసగని చోటును దిద్దకుండా ఉంచాలి.

పరిష్కర్తల కర్తవ్యం

మొదటిది, మూలంలోని గణనను యథాతథంగా పాఠంలో ఉంచి, క్రీస్తుశకాన్ని అధోజ్ఞాపికకు పరిమితం చేయాలి. రెండవది, శకవర్షాన్ని గతంగా తీసుకున్నదీ వర్తమానంగా తీసుకున్నదీ ప్రతిచోటా తెలపాలి. మూడవది, సంవత్సరనామానికీ శకాంకానికీ పొంతన లేనప్పుడు ఒకదాన్ని సవరించకుండా రెండింటినీ చూపాలి. డిజిటల్ సూచికల్లో ఈ జాగ్రత్త మరింత అవసరం. ఒకే తేదీ గడిలో అంకె నమోదైతే తరువాతి పరిశోధకుడు ఆ అంకెనే వెదుకుతాడు. మూలప్రతి దాకా వెళ్లకపోవచ్చు.

ముగింపు

కైఫీయతు రాయించుకున్నవారికి కావలసింది గ్రామాల గతం. చెప్పినవారికి కావలసింది తమ హక్కుకు గుర్తింపు. ఈ రెండు అవసరాల మధ్య లేఖకులు భిన్న గణనలను కలగాపులగంగా కనిపించేలా ఉంచారు గాని తుడిచివేయలేదు. బ్రౌన్ రాయించిన నకళ్లు కాగితం శిథిలమైనా పాఠాన్ని కాపాడాయి. ఆ పాఠంలోని కాలరేఖలను విడివిడిగా నిలపవలసిన బాధ్యత నేటి పరిష్కర్తలది.