ఉపాధ్యాయుల పదోన్నతియు అనుభవ నియమమును



మన సంఘీయులలో బోధనవృత్తి నవలంబించినవారు పెక్కురు గలరు. సర్కారు పాఠశాలలయందు పనిచేయుచు పైపదవికై వేచియున్న మనవారు తరచుగా నడుగు ప్రశ్న యొకటి గలదు: “ఇన్ని యేండ్లు పాఠములు చెప్పితిమి గదా! ఆ యనుభవము లెక్కకు రాదా?” ఈ ప్రశ్నకు న్యాయస్థానములు కాలక్రమమున నొసగిన సమాధానములను సంగ్రహముగా విన్నవింతును.

కొలువుననున్న గురువుల తగవు మనకు క్రొత్తది గాదు. కాళిదాసుని మాళవికాగ్నిమిత్రమున గణదాసుడు, హరదత్తుడు నను నాట్యాచార్యులిద్దరు తమలో నెవ్వడధికుడో తేల్పుమని రాజును వేడిరి. మధ్యస్థురాలగు పరివ్రాజిక, శిష్యుల ప్రయోగమును జూచియే నిర్ణయింపవలెననెను. గణదాసుడు వయోవృద్ధుడగుటచే అతనికి ముందుగా ప్రదర్శించు గౌరవము మాత్రము దక్కినది. పెద్దరికము వరుసను నిర్ణయించును, యోగ్యతను నిర్ణయింపజాలదు. నేటి న్యాయస్థానముల తీర్పులయందును ఈ వివేకమే కానవచ్చుచున్నది.

1950వ సంవత్సరమున అమలులోనికి వచ్చిన మన రాజ్యాంగము 16వ అధికరణముచే ప్రభుత్వోద్యోగములందు సమానావకాశమును ప్రసాదించినది. 309వ అధికరణము ననుసరించి సర్వీసు నియమములు పుట్టినవి. నియమములతోడనే వివాదములును పుట్టినవి. అనుభవమును గూర్చి ప్రధానముగా మూడు సందేహములు కలుగును: అది యెట్టిదో నిర్ణయింపవలసిన వారెవరు? అది అర్హతకు మారుగా నిలుచునా? దానిని ఎన్నడు మొదలుకొని లెక్కింపవలెను?

మొదటి సందేహమునకు 1963 నాటి మైసూరు విశ్వవిద్యాలయపు వ్యాజ్యము సమాధానము. అది పదోన్నతి వ్యాజ్యము గాక నియామక వ్యాజ్యమైనను, తరువాతి తీర్పులకు మార్గదర్శకమైనది. ప్రొఫెసరునకు పదియేండ్ల బోధనానుభవము, రీడరునకు ఐదేండ్ల యనుభవము కావలెనని ప్రకటింపబడినది. ఎంపికయైన రీడరునకు తగిన యర్హతలు లేవని మఱియొకరు హైకోర్టునకెక్కి గెలిచిరి. సుప్రీంకోర్టున జస్టిస్ గజేంద్రగడ్కరు గారు ఆ తీర్పును త్రోసిపుచ్చి, విద్వాంసులతో కూడిన ఎంపికసంఘము తెలిపిన యభిప్రాయమున న్యాయస్థానములు తొందరపడి జోక్యము చేసికొనరాదనిరి.

రెండవ సందేహము 1974లో జమ్ముకాశ్మీర ఇంజనీర్ల వ్యాజ్యమున విచారింపబడినది. పట్టభద్రులై యేడేండ్లు సర్వీసు చేసినవారికే పైపదవి యను నియమమును డిప్లొమావారు ప్రతిఘటించిరి. విద్యార్హతనుబట్టి భేదము పాటించుట సమానత్వమునకు విరుద్ధము కాదని రాజ్యాంగ ధర్మాసనము నిశ్చయించినది. వ్యాజ్యము ఇంజనీర్లదైనను, సూత్రము ఉపాధ్యాయులకును వర్తించును.

మూడవ సందేహము మిక్కిలి సూక్ష్మమైనది. కొలువున జేరిన పిమ్మట బి.ఇడి. పట్టము పొందిన ఉపాధ్యాయుని అనుభవము చేరిన నాటినుండియా, పట్టము పొందిన నాటినుండియా? ఇట్టి ప్రశ్నయే పుదుచ్చేరి ఇంజనీర్ల విషయమున 1991లో వచ్చినది. అచ్చట పట్టభద్రులకు మూడేండ్లు, డిప్లొమావారికి ఆరేండ్లు సర్వీసు కావలెను. ఆ శాఖయందు చిరకాలముగా సాగిన ఆచారమును మన్నించి, మూడేండ్లను పట్టము పొందిన నాటినుండియే లెక్కింపవలెనని సుప్రీంకోర్టు చెప్పెను. మఱుసటి సంవత్సరమే మధ్యప్రదేశపు వ్యాజ్యమున, అచ్చటి నియమములలో అట్టి కట్టుబాటు లేదు గావున మొత్తము సర్వీసును లెక్కింపవలెననెను. ఈ రెండును పరస్పర విరుద్ధములని తోచవచ్చును. కాని నియమపు మాట యెట్లున్నదో, ఆచార మెట్లు సాగినదో చూడుమనుటయే రెండింటి సారము.

ఇటీవలి తీర్పు మనవారికి మఱింత ముఖ్యము. 2009 నాటి విద్యాహక్కు చట్టము ననుసరించి, 2010 ఆగస్టు 23న జాతీయ ఉపాధ్యాయ విద్యామండలి ఒకటి మొదలు ఎనిమిదవ తరగతి వఱకు బోధించువారికి టెట్ పరీక్షను విధించినది. చట్టమునకు పూర్వము చేరినవారును, పదవీవిరమణకు ఐదేండ్లకు మించి గడువున్నచో, రెండేండ్లలో దాని నుత్తీర్ణులు కావలెనని 2025 సెప్టెంబరు 1న సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. ఐదేండ్లలోపు మిగిలినవారు పరీక్ష లేకయే కొలువున కొనసాగవచ్చును గాని, పదోన్నతి గోరినచో పరీక్ష తప్పదు. ఇరువదియేండ్లు బోధించిన గురువు తన శిష్యుల సరసన కూర్చుండి పరీక్ష వ్రాయుట కష్టమే. అతని యనుభవము వ్యర్థమని తీర్పు చెప్పలేదు; అర్హతకు అది మారు కానేరదని మాత్రము చెప్పినది.

కావున బోధకులగు మన సోదరీసోదరులకు నా విన్నపము: సర్వీసు రిజిస్టరునందు చేరిన తేదీ, పట్టము పొందిన తేదీ సరిగా నమోదైనవో లేవో నేడే చూచుకొనుడు. వ్యాజ్యమునకు బోవుటకు మున్ను నియమమును స్వయముగా చదువుడు. సంఘపోషకులు ఈ పరీక్ష వ్రాయవలసినవారికై వేసవి సెలవులలో నొక యధ్యయన తరగతి నడిపించినచో, అనేక కుటుంబముల మేలు గోరినవారగుదురు. గురువు మఱల విద్యార్థి యగుట యవమానము కాదు; అదియే మన పూర్వుల మార్గము.

ఇతి శమ్.