కెమెరా ముందు మనమే, కెమెరా వెనక ఎవరు?



మేం ఆశ్రమ పాఠశాలలో చదివే రోజుల్లో ఊరికి ఏ పెద్ద అధికారి వచ్చినా మమ్మల్నే పిలిచేవాళ్ళు. నెమలీకల టోపీలు పెట్టించి ఆడించేవాళ్ళు. వచ్చినోళ్ళు ఫోటోలు, వీడియోలు తీసుకుని వెళ్ళిపోయేవాళ్ళు. ఒక్క ఫోటో కూడా మా బడికి తిరిగి రాలేదు. "ఒకసారి నేను నొక్కుతా సార్" అని అడిగిన మా దోస్తుకు "పాడైపోతది, ముట్టుకోకు" అన్న జవాబే వచ్చింది. ఈ పోస్టు ఆ బటన్ చరిత్ర గురించి.

స్వాతంత్ర్యం వచ్చాక పిల్లలకంటూ వేరే సినిమాలు ఉండాలని నెహ్రూ అనుకున్నారు. 1955లో కేంద్ర ప్రభుత్వం బాలల చిత్ర సమితిని పెట్టింది. దాని మొదటి సినిమా 'జలదీప్'. కేదార్ శర్మ తీశారు. అది 1957లో వెనిస్‌లో బహుమతి కూడా తెచ్చుకుంది. 1979 అంతర్జాతీయ బాలల సంవత్సరం. ఆ ఏడే ఈ సమితి బాలల చలనచిత్రోత్సవం మొదలుపెట్టింది. బంగారు ఏనుగు దాని గుర్తు. రెండేళ్ళకోసారి ఒక్కో నగరంలో జరుపుతూ వచ్చారు. 1995 నుంచి హైదరాబాదే దానికి స్థిర వేదిక అయింది. నవంబర్ 14 చుట్టుపక్కల, అంటే మన దగ్గర దండారి ముగిసి కోలబోడి అయిపోయే రోజుల్లోనే, అక్కడ ఆ పండగ జరిగేది.

ఇక్కడ ఒక సంగతి గమనించండి. మొదట్నుంచీ సినిమాలు తీసింది పెద్దలు, కూర్చుని చూసింది పిల్లలు. 2013లో 18వ ఉత్సవంలో 'లిటిల్ డైరెక్టర్స్' అని ఒక పోటీ విభాగం పెట్టారు. పిల్లలు సొంతంగా తీసిన సినిమాలకే ఆ పోటీ. 1979 నుంచి లెక్కేస్తే, చూసే పిల్లలు తీసే పిల్లలు కావడానికి 34 ఏళ్ళు పట్టింది. అదీ ఎక్కువగా ఎవరికి అందుతుంది? ఇంట్లో కెమెరా, కంప్యూటర్, బడిలో నేర్పే సార్ ఉన్నవాళ్ళకే కదా. 2022లో ఆ సమితిని జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థలో కలిపేశారు.

మరి మన సంగతి? మన దగ్గరికి కెమెరా అంతకన్నా ముందే వచ్చింది. 1940లో జోడేఘాట్‌లో కొమురం భీం అమరుడయ్యాక, నిజాం ప్రభుత్వం గోండుల బాధలు తెలుసుకోవడానికి హైమండార్ఫ్‌ను పంపింది. ఆయన మార్లవాయిలో ఉండి మన జాతరలు, మన ఇళ్ళు, మన ముఖాలు ఫోటోలు తీశాడు. ఆ సేకరణ ఈనాటికీ లండన్‌లో ఉంది. ఆయన మనకు మేలే చేశాడు. భూములకు పట్టాలు ఇప్పించడంలో, 1943లో మార్లవాయిలో గోండు టీచర్ల శిక్షణ మొదలుపెట్టడంలో ఆయన చెయ్యి ఉంది. అందుకే ఏటా జనవరి 11న ఆ దంపతుల సమాధుల దగ్గర మనవాళ్ళు దండం పెడతారు. అయినా ఒక మాట నిజం. మన తాతల ముఖాలు చూడాలంటే బయటివాళ్ళ పెట్టెలు తెరవాల్సిందే.

దీనివల్ల పోయేదేంటి అంటారా? మార్లవాయికే చెందిన కనక రాజు తాతను తలుచుకోండి. ఢిల్లీలో ఇందిరా గాంధీ ముందు గుస్సాడి ఆడిన మనిషి. 2021లో పద్మశ్రీ వచ్చింది. 2024 అక్టోబర్‌లో మనల్ని విడిచిపోయారు. అవార్డు వచ్చాక ఆయన ఇంటికి కెమెరాలు చాలానే వెళ్ళాయి.  గోండిలో, మనవళ్ళకు చెప్పినట్టు, అడుగు అడుగుకూ అర్థం చెప్పించుకుని తీసిన వీడియో మీలో ఎవరి ఫోన్లో ఉంది? మా ఫోన్లలో లేదు. ఆ తప్పు ప్రభుత్వానిది కాదు, మాది.

2011 జనాభా లెక్కల్లో గోండి మాతృభాష అని చెప్పినవాళ్ళు 29 లక్షలకు పైనే. అయినా మన భాషకు ఎనిమిదో షెడ్యూల్‌లో చోటు లేదు. గుంజాలలో పెద్దలు దాచిన రాతప్రతులు బయటపడ్డాయి కాబట్టే 2018లో ఆ లిపి యూనికోడ్‌కు ఎక్కింది. దాచినవాళ్ళు ఉన్నారు కాబట్టి దొరికింది. మాట కూడా అంతే, దాచుకుంటేనే ఉంటది.

తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ, ఇప్పుడు బటన్ మీ చేతిలోనే ఉంది. ఈ సెలవుల్లో ఇంటికి పోయినప్పుడు ఒక ఐదు నిమిషాల సినిమా తీయండి. గోండి, కోలామి, కోయ, లంబాడి, మీ ఇంట్లో ఏది మాట్లాడితే అందులోనే. అవ్వ ఇప్పపువ్వు ఏరేది తీయండి, తాత డోలు బిగించేది తీయండి. ముందు వాళ్ళను అడగండి. దేవుడి కాడ పటేల్ వద్దంటే ఫోన్ జేబులో పెట్టేయండి. ఫోన్ అడ్డంగా పట్టుకోండి, గాలి మోత లేని చోట కూర్చోబెట్టండి. చివర్లో పేరు, ఊరు, తేదీ చెప్పించండి.

ప్రభుత్వం మన బడి పిల్లల కోసం ఇట్లాంటి పండగ పెట్టాలని అడుగుదాం, గట్టిగానే అడుగుదాం. "మీ దగ్గర ఏముంది?" అని వాళ్ళు అడిగిన రోజున చూపించడానికి మన చేతిలో ఏదో ఒకటి ఉండాలి.

జై ఆదివాసీ.