రజ్వీ ప్రసంగాలు, షోయబుల్లాఖాన్ హత్య

నిజాం రాజ్యపు చివరి రోజుల్లో మత విద్వేష ప్రచారానికీ దానికి ఎదురొడ్డిన ఒక ముస్లిం పాత్రికేయుడి కలానికీ జరిగిన పోరు ఇది. లాతూరు వకీలు కాసిం రజ్వీ 1946లో మజ్లిస్ ఇత్తెహాదుల్ ముస్లిమీన్ అధ్యక్షుడై, దాని సాయుధ దళమైన రజాకార్లను పెంచి పోషించాడు. అతడు మతపండితుడేమీ కాడు. మైకు ముందు మాత్రం మౌల్వీలను మించిన బోధకుడు. ఎర్రకోటపై ఆసఫ్‌జాహీ జెండా ఎగరేస్తామనేవాడు.

ఉస్మానియా పట్టభద్రుడైన షోయబుల్లాఖాన్ 1947 నవంబరులో కాచిగూడ నుంచి 'ఇమ్రోజ్' ఉర్దూ దినపత్రిక మొదలుపెట్టాడు. ఆ పేరుకు 'ఈరోజు' అని అర్థం. నిజాం రాజ్యం భారత్‌లో విలీనం కావాలనీ, రజాకార్లను రద్దు చేయాలనీ ఏడుగురు ముస్లిం ప్రముఖులు చేసిన ప్రకటనను 1948 ఆగస్టులో ఆ పత్రిక అచ్చువేసింది. విద్వేషానికి అసలైన జవాబు అదే భాషలో, అదే సమాజం లోపలినుంచి వచ్చింది. అందుకే రజ్వీ అంతగా మండిపడ్డాడు. ఎదురుతిరిగే చేతులను నరకాలని సభలో అన్నాడని చెబుతారు. ఆగస్టు 21 రాత్రి పత్రిక కార్యాలయం నుంచి ఇంటికి నడిచి వెళుతున్న షోయబుల్లాఖాన్‌పై కాల్పులు జరిపి, రాసే చెయ్యి నరికేశారు. తెల్లవారేలోగా ఆయన కన్నుమూశాడు, వయసు 27.

సెప్టెంబరులో భారత సైన్యం జరిపిన 'పోలీసు చర్య'తో రజాకార్ల కథ ముగిసింది. ఆ తర్వాతి ప్రతీకార హింసలో వేలాదిమంది ముస్లింలు బలయ్యారని భారత ప్రభుత్వం పంపిన సుందర్‌లాల్ కమిటీ నివేదించింది. రజ్వీ 1957లో జైలు నుంచి విడుదలై పాకిస్థాన్ వెళ్లిపోయాడు.