రాజశేఖర చరిత్రము

రాజశేఖర చరిత్రము: కందుకూరి వీరేశలింగం (1848–1919) రచించిన సాంఘిక నవల. దీనికి వివేకచంద్రిక అనే పేరూ ఉంది. 1878లో వివేకవర్ధని పత్రికలో ధారావాహికగా మొదలై, 1880లో పుస్తకంగా వెలువడింది. తొలి తెలుగు నవలగా పలువురు దీనినే పరిగణిస్తారు. 1872లో వచ్చిన నరహరి గోపాలకృష్ణమ సెట్టి శ్రీరంగరాజు చరిత్రకు ఆ స్థానం ఇచ్చేవారూ ఉన్నారు.

గోల్డ్‌స్మిత్ ఆంగ్ల నవల 'ది వికార్ ఆఫ్ వేక్‌ఫీల్డ్' (1766) దీనికి ప్రేరణ. అయితే కథ నడిచే లోకం పూర్తిగా గోదావరి తీరానిదే. ధవళేశ్వరంలోని సంపన్న బ్రాహ్మణుడు రాజశేఖరుడు పొగడ్తలకు లొంగి, ఇంటిచుట్టూ చేరిన ఆశ్రితులను పోషిస్తూ ఆస్తి కరిగించుకుంటాడు. బంగారం చేస్తానన్న బైరాగి ఉన్న బంగారంతో ఉడాయిస్తాడు. చేయి ఖాళీ కాగానే ఆశ్రితులు మొహం చాటేస్తారు. జోస్యాలు, శకునాలు, దయ్యాల భయం, భూతవైద్యం కూడా ఇందులో పరిహాసానికి గురవుతాయి. వ్యంగ్యం పదునంతా ఈ ఘట్టాల్లోనే ఉంది. దారిదోపిడీలు, మారువేషాలు, విడిపోయినవారి కలయికలతో సాగే తరువాతి భాగం అద్భుతకథల బాణీకి దగ్గర. ఈ నవలకు హచిన్‌సన్ చేసిన ఆంగ్లానువాదం 'ఫార్చ్యూన్స్ వీల్' 1887లో లండన్‌లో అచ్చయింది.