అర్జీని పరిశీలింపుమను ఆజ్ఞ

పొరుగు రాష్ట్రముల తెలుగువారు తమ కష్టములను వాడుకలోనున్న స్వభాషలోనే అధికారులకు విన్నవించుకొనవచ్చునని రాజ్యాంగము 350వ అధికరణమున హక్కు నొసగినది. బదులు రానిచో 226వ అధికరణము క్రింద హైకోర్టు నాశ్రయింతురు. అచట తరచుగా "అర్జీని పరిశీలింపుడు" అను ఆజ్ఞ వెలువడును. అది జయపత్రము కాదు. అధికారి త్రోసిపుచ్చినచో కథ మొదటికే వచ్చును.

2006లో ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థ వ్యాజ్యమున సుప్రీంకోర్టు ఈ భేదమును వివరించినది: తప్పును నిర్ణయించి మరల పరిశీలింపుమనుట వేరు, ఏమియు తేల్పక పరిశీలింపుమనుట వేరు. తమిళనాడు గనుల శాఖలో 1982లో ఉద్యోగము కోల్పోయిన యొకరు 18 ఏండ్లకు అర్జీ పెట్టిరి. అట్టి అర్జీవలన గాని, దానిని పరిశీలింపుమను ఆజ్ఞవలన గాని కాలము చెల్లిన హక్కు పునర్జీవింపదని 2008లో ఆ న్యాయస్థానమే తీర్పు చెప్పినది.

కావున మాతృభాషా పాఠశాలలకై పెట్టు అర్జీలను సకాలమున పెట్టుదము. న్యాయస్థానమును పరిశీలన మాత్రమే గాక హక్కు నిర్ణయమునే వేడుదము.