పేరు పోయి దొరికిన హాస్యనటుడు: చార్లీ బవర్స్

ప్రత్యేక సంచికకు ఏదైనా చరిత్ర వ్యాసం రాయమని కార్యదర్శి గారు అడిగినప్పుడు, మన జిల్లా కోటల గురించో, దేవాలయాల గురించో రాస్తానని వారు అనుకొని ఉంటారు. నేను మాత్రం అమెరికాలో మూగ సినిమాలు తీసిన ఒక మనిషి గురించి రాస్తున్నాను. మనకూ ఆయనకూ సంబంధం ఏమిటని మీరు అడగవచ్చు. ఆయన కథలో సినిమా సగం, రికార్డులు సగం. ముప్పై, ముప్పై అయిదేళ్ళు రికార్డుల మధ్య బతికిన మనకు ఆ రెండో సగం ఇట్టే అర్థమవుతుంది.

మూగ సినిమా అనగానే మనకు చార్లీ చాప్లిన్ గుర్తుకు వస్తాడు. ఇంకొంచెం తెలిసినవారు బస్టర్ కీటన్ పేరు చెబుతారు. అదే కాలంలో, అదే దేశంలో, చార్లీ బవర్స్ అని మరొక హాస్యనటుడు ఉండేవాడు. బొమ్మలు గీసేవాడు, వస్తువులను తెరమీద ప్రాణమున్నట్లు కదిలించేవాడు, తానే నటించేవాడు, దర్శకత్వంలోనూ పాలు పంచుకునేవాడు. ఇన్ని చేసినవాడి పేరు ఆయన బతికి ఉండగానే మరుగున పడింది.

ముందుగా పుట్టిన తేదీ సంగతి. ఊరు అయోవా రాష్ట్రంలోని క్రెస్కో. సంవత్సరం 1889 అని చాలాకాలం పుస్తకాలలో ఉండేది. తరువాత పాత కాగితాలు వెతికినవారు 1877 అని తేల్చారు. పన్నెండేళ్ళ తేడా! సర్వీసు రిజిస్టరులో ఇంత తేడా వస్తే మన పెన్షన్ ఫైలు ఎన్ని బల్లల మీద ఆగేదో మీకు తెలియనిది కాదు. పైగా తన గురించి కథలు చెప్పుకోవడం ఆయనకు సరదా. చిన్నతనంలో సర్కసువాళ్ళు తనను ఎత్తుకుపోయి తాడు మీద నడక నేర్పారని చెప్పుకునేవాడు. నమ్మినవారు నమ్మారు, నవ్వినవారు నవ్వారు.

పత్రికలకు వ్యంగ్య చిత్రాలు గీసిన బవర్స్ 1916 ప్రాంతంలో కదిలే బొమ్మల సినిమాలలోకి వచ్చాడు. అప్పట్లో బడ్ ఫిషర్ 1907లో మొదలుపెట్టిన 'మట్ అండ్ జెఫ్' అనే బొమ్మల కథ అమెరికా పత్రికలలో బాగా పేరుపొందింది. ఒకడు పొడుగు, ఒకడు పొట్టి. ఆ జంటను సినిమాగా తీసే పనిలో మాంట్రియల్ నుండి వచ్చిన రావుల్ బారేతో బవర్స్ చేయి కలిపాడు.

ఆ పని ఎంత శ్రమో చెప్పాలి. ఒక్కొక్క కదలికకు ఒక్కొక్క బొమ్మ గీసి, ఒక్కొక్కటిగా ఫోటో తీయాలి. కొద్ది నిమిషాల సినిమాకే వేల బొమ్మలు కావాలి. కాగితం వెంట్రుకవాసి జరిగినా తెరమీద బొమ్మ వణుకుతుంది. అందుకని బారే కాగితాలకు రంధ్రాలు పొడిచి, బల్లకు బిగించిన చీలలకు తగిలించే పద్ధతి తెచ్చాడు. ఇది చదివినప్పుడు నాకు మన పంచింగు మిషను, ఫైలు ట్యాగులు గుర్తుకు వచ్చాయి. ఆఫీసులో గానీ, స్టూడియోలో గానీ కాగితం కదలకుండా ఉంటేనే పని నిలుస్తుంది.

ఆ సినిమాలు వందల సంఖ్యలో వచ్చాయి. కానీ ప్రేక్షకులకు తెలిసిన పేరు ఫిషర్ ఒక్కడిదే. రాత్రింబవళ్ళు గీసినవారి పేర్లు తెరమీదకు రాలేదు. డ్రాఫ్టు పెట్టేది గుమాస్తా, సంతకం పైవారిది. ఈ సంగతి మనకు ఎవరూ విడమరచి చెప్పనక్కరలేదు.

1926లో బవర్స్ తానే తెరమీదకు వచ్చాడు. హెరాల్డ్ ముల్లర్ అనే సహచరుడితో కలిసి, ఒక్కొక్కటి ఇరవై నిమిషాలకు అటూ ఇటూగా ఉండే హాస్య చిత్రాలు తీశాడు. వాటిలో మనుషులు మామూలుగా నటిస్తారు. వారి మధ్యలో బొమ్మలు, యంత్రాలు, గుడ్లు, చెట్లు వాటంతట అవే కదులుతాయి. ఒక వస్తువును రవ్వంత జరపడం, ఒక ఫోటో తీయడం, మళ్ళీ రవ్వంత జరపడం, మళ్ళీ తీయడం. అదే కిటుకు. దానికి 'బవర్స్ ప్రాసెస్' అని పేరు పెట్టి, ఏదో రహస్య విద్య అన్నట్లు ప్రచారం చేసుకున్నాడు.

'ఎగ్డ్ ఆన్' (1926) అనే చిత్రంలో ఆయన పగలని గుడ్లు తయారుచేసే యంత్రం కనిపెడతాడు. గుడ్లు సంపాదించి ఫోర్డు కారు ముందుభాగంలో దాస్తాడు. ఇంజను వేడికి అవి పొదిగి, పెంకు పగిలి, లోపలి నుండి పిల్ల కార్లు బయటికి వస్తాయి! కోడిపిల్లలు తల్లి రెక్కల కింద దూరినట్లు అవన్నీ పెద్ద కారు కిందికి చేరతాయి. 'నౌ యూ టెల్ వన్' (1926) కోతలరాయుళ్ళ సంఘం కథ. అందులో మన బవర్స్ ఏ మొక్కకైనా ఏదైనా కాయించగల అంటుమందు కనిపెట్టానంటాడు. ఎలుకల బెడద ఉన్న ఇంటికి వెళ్ళి, మొక్కకు పిల్లులను కాయిస్తాడు. కొమ్మ చివర మొగ్గ విచ్చుకొని పిల్లిగా మారడం కళ్ళారా చూస్తాము.

మా మనుమడు వీటిని కంప్యూటరులో పెట్టి చూపించాడు. 'మాయాబజార్' (1957)లో లడ్లు వాటంతట అవే ఘటోత్కచుడి నోట్లోకి వెళుతుంటే చిన్నప్పుడు ఎలా నోరు తెరుచుకొని చూశానో, ఈ వయస్సులో మళ్ళీ అలాగే చూశాను.

ఇంత నేర్పు ఉన్నవాడు ఎందుకు నిలబడలేదు? 1927 తరువాత మాటల సినిమా వచ్చి మూగ హాస్యానికి గిరాకీ తగ్గించింది. బవర్స్ పద్ధతి అసలే నిదానం. 1930లో 'ఇట్స్ ఎ బర్డ్' అనే మాటల చిత్రం తీశాడు. అందులో ఇనుము తినే పక్షి ఒకటి గుడ్డు పెడుతుంది. దానిలో నుండి కారు పుట్టి మన కళ్ళ ముందే పెద్దదవుతుంది. ఫ్రెంచి కవి ఆంద్రే బ్రెటన్ ఆ చిత్రాన్ని మెచ్చుకున్నాడు. అయినా హాస్యనటుడిగా ఆయన దశ తిరగలేదు.

1939 న్యూయార్క్ ప్రపంచ ప్రదర్శనలో చమురు కంపెనీల కోసం తీసిన 'పీట్ రోలియం అండ్ హిజ్ కజిన్స్' అనే రంగుల చిత్రంలో బొమ్మలను కదిలించింది బవర్సే. దర్శకుడు జోసెఫ్ లోసీ తరువాత పెద్దవాడయ్యాడు. 1941లో 'వైల్డ్ ఆయిస్టర్స్' వచ్చింది. చివరి సంవత్సరాలు అనారోగ్యంతో గడిచాయి. 1946 నవంబరు 26న న్యూజెర్సీలోని పాటర్సన్‌లో కన్నుమూశాడు. అప్పటికి సినిమా చరిత్ర పుస్తకాలలో ఆయనకు చోటు లేదు.

ఇక అసలు సంగతి. ఫ్రాన్స్‌లోని టూలూజ్ నగరంలో రేమండ్ బోర్డ్ అనే ఆయన సినిమాలు భద్రపరిచే సంస్థను స్థాపించాడు. 1960లలో, మన టూరింగ్ టాకీసుల వంటి సంచార ప్రదర్శకుల దగ్గర నుండి వచ్చిన పాత ఫిల్ముల కట్టలో కొన్ని డబ్బాలు ఆయన చేతికి చిక్కాయి. వాటి మీద 'బ్రికొలో' అని మాత్రమే ఉంది. దొరికిన సామానుతోనే ఏదో ఒకటి అతికించి పని జరిపించేవాడని ఆ మాటకు దగ్గర అర్థం. ఆ హాస్యగాడు ఎవరో తెలిసినవారు లేరు. బోర్డ్ ఊరుకోలేదు. పాత సినిమా వ్యాపార పత్రికలు తిరగవేశాడు. ఫ్రెంచివాళ్ళు బ్రికొలో అని పిలిచినది చార్లీ బవర్స్‌నే అని తేల్చాడు.

అక్కడి నుండి వెతుకులాట మొదలైంది. వేరు వేరు దేశాలలో మరికొన్ని చిత్రాలు బయటపడ్డాయి. మాంట్రియల్‌లో లూయిజ్ బోడే 1980లో ఆయన మీద పుస్తకం రాసింది. 2004లో ఆ చిత్రాలు డీవీడీగా వచ్చాయి. 2019లో మరింత శుభ్రం చేసి మళ్ళీ విడుదల చేశారు. కొన్ని మాత్రం ఇంకా దొరకలేదు.

చచ్చి ఇరవై ఏళ్ళయిన మనిషికి సర్వీసు తిరిగి ఇప్పించిన పని ఇది. చేసినవాడు కొత్త సినిమా తీయలేదు, బొమ్మ గీయలేదు. ఒక డబ్బా తెరిచాడు, ఒక పేరు సరిచూశాడు. మన ఉద్యోగాలలో పదిమంది గుర్తించని భాగం అదే కదా.

మన సంఘం గదిలో గోడకు ఉన్న గ్రూపు ఫోటోలు మీరందరూ చూశారు. పాత ఫోటో ఒకదానిలో రెండవ వరుస వారి పేర్లు చెప్పగలవారు ఈనాడు మనలో ఇద్దరే ఉన్నారు. వచ్చే సమావేశానికి నేను పెన్ను, కాగితాలు తెస్తాను. వెనుక పేర్లు రాసి అతికిద్దాం. మీ ఇళ్ళలో ఉన్న ఫోటోలకు కూడా ఆ పని చేయవలసిందిగా కుటుంబ సభ్యులందరినీ కోరుతున్నాను. అందరికీ బోర్డ్ వంటివాడు దొరకడు.