ఒక్క ఫైల్ పోతే షాపు ఆగింది: బటన్ల వెనక ఉమ్మడి ఫైళ్ల కథ

ఈ ఎపిసోడ్ ఒక తప్పుతో మొదలుపెడతా. నా తప్పే.

2008లో నేను ఆరో తరగతి. తెనాలిలో మా నాన్నకి చిన్న మెడికల్ షాపు. అందులో ఒక పాత కంప్యూటర్, విండోస్ ఎక్స్‌పీ, ఒక బిల్లింగ్ సాఫ్ట్‌వేర్. ఒక ఆదివారం మధ్యాహ్నం నాన్న భోజనానికి వెళ్లారు. గేమ్ వేసుకుందామని చూస్తే డిస్క్‌లో జాగా లేదు. ఎవరూ వాడని టైపింగ్ ట్యూటర్ ఒకటి కనిపిస్తే తీసేయబోయా. మధ్యలో ఒక బాక్స్ వచ్చింది. ఈ షేర్డ్ ఫైల్‌ని ఇంకే ప్రోగ్రామూ వాడట్లేదు, తీసేయమంటారా అని. కింద 'యెస్ టు ఆల్' ఉంది. నొక్కేశా.

సాయంత్రం బిల్లింగ్ ఓపెన్ అవ్వలేదు. 'ఎంఎస్‌కామ్‌సీటీఎల్ డాట్ ఓసీఎక్స్' అనే ఫైల్ లేదని ఎర్రర్. కౌంటర్ ముందు జనం.

"ఏం చేశావురా?"

"టైపింగ్‌ది తీసేశా నాన్నా. బిల్లింగ్ జోలికి పోలేదు."

నిజంగానే పోలేదు. ఆ రాత్రి షాపు కట్టేసేదాకా నాన్న చేత్తోనే బిల్లులు రాశారు. నేను ముట్టుకోని ప్రోగ్రామ్ ఎలా ఆగిపోయింది? బీటెక్ అయ్యి ఉద్యోగంలో చేరాక గానీ నాకు జవాబు దొరకలేదు.

1985కి వెళ్దాం. ఆ నవంబర్‌లో విండోస్ 1.0 వచ్చింది. దానికి కావాల్సిన మెమరీ 256 కేబీ. మీ ఫోన్‌తో తీసిన ఒక్క ఫోటో దానికి పదింతలు ఉంటుంది. అంత ఇరుకులో ప్రతి ప్రోగ్రామూ తన బటన్లు, మెనూలు గీసుకునే కోడ్‌ని తనే మోసుకు తిరిగితే కుదరదు. అందుకే ఆ కోడ్‌ని ఒకేచోట పెట్టి, అన్ని ప్రోగ్రామ్‌లూ అక్కడి నుంచే వాడుకునేలా చేశారు. అదే డైనమిక్ లింక్ లైబ్రరీ. మనం డీఎల్ఎల్ అంటాం. నేను పోగొట్టిన ఓసీఎక్స్ కూడా ఆ జాతిదే.

టెంట్ హౌస్ లాంటిది అనుకోండి. పెళ్లికని ఎవరూ మూడొందల కుర్చీలు, గంగాళాలు కొనరు. టెంట్ హౌస్ నుంచి తెచ్చుకుంటారు. డబ్బూ మిగులుతుంది, జాగా కూడా. కానీ ఒక పెళ్లిలో గంగాళానికి సొట్ట పడితే, తర్వాతి పెళ్లివాళ్లకి వెళ్లేది ఆ సొట్ట గంగాళమే.

ఆ సొట్టలు బాగా పడింది 1990ల్లో. 1995 ఆగస్ట్‌లో వచ్చిన విండోస్ 95లో 'కామ్‌సీటీఎల్32 డాట్ డీఎల్ఎల్' అని ఒక ఫైల్ ఉంది. ప్రోగ్రెస్ బార్, టూల్‌బార్, ట్యాబ్‌లు, ఫోల్డర్ పక్కన ప్లస్ నొక్కితే విప్పుకునే చెట్టు... ఇవన్నీ గీసేది అదే. ఏడాదికే, 1996 ఆగస్ట్‌లో, ఇంటర్నెట్ ఎక్స్‌ప్లోరర్ 3 వచ్చింది. అది తనతో పాటు ఈ ఫైల్ కొత్త వెర్షన్‌ని తెచ్చి పాతదాని మీద పెట్టేసింది. అంటే మీరు వేసుకున్నది బ్రౌజర్, కానీ మీ అకౌంట్స్ ప్రోగ్రామ్ టూల్‌బార్‌ని గీసే కోడ్ కూడా మారిపోయింది. ఇంకొన్ని ఇన్‌స్టాలర్లయితే రివర్స్. కొత్త ఫైల్ మీద తమ దగ్గరున్న పాతది పడేసేవి. నిన్నటిదాకా నడిచిన ప్రోగ్రామ్ ఇవాళ నడవదు. దీనికి ప్రోగ్రామర్లు పెట్టుకున్న పేరు డీఎల్ఎల్ హెల్.

మరి నా కేసు? విండోస్ ఒక చిట్టా రాసుకుంటుంది, ఏ షేర్డ్ ఫైల్‌ని ఎంతమంది వాడుతున్నారని. ఇన్‌స్టాల్ అయితే ఒకటి కలపాలి, తీసేస్తే ఒకటి తగ్గించాలి. లెక్క సున్నాకి వస్తే ఆ బాక్స్ వస్తుంది. మా షాపులో టైపింగ్ ట్యూటర్ ముందు నుంచీ ఉంది, దాని పేరు చిట్టాలో ఉంది. బిల్లింగ్ తర్వాత వచ్చింది. వేసినతను సెటప్ నడపకుండా పెన్‌డ్రైవ్‌లోంచి ఫోల్డర్ కాపీ చేసి వెళ్లాడు. కావాల్సిన ఫైల్ ఎలాగూ ఉంది కాబట్టి బిల్లింగ్ నడిచింది, చిట్టాలోకి మాత్రం ఎక్కలేదు. బాక్స్ అబద్ధం చెప్పలేదు. దానికి తెలిసిందే చెప్పింది.

మైక్రోసాఫ్ట్ రెండు మందులు వేసింది. 2000లో విండోస్ 2000తో సిస్టమ్ ఫైళ్లకి కాపలా పెట్టింది. బయటి ఇన్‌స్టాలర్ ఏదైనా మార్చితే వెంటనే అసలుది తిరిగి పెట్టేసేది. 2001 అక్టోబర్‌లో ఎక్స్‌పీతో ఇంకో అడుగు వేసి, ఒకే ఫైల్ రెండు వెర్షన్లని పక్కపక్కనే ఉంచింది. పాత ప్రోగ్రామ్‌లకి 5.82, కొత్తది కావాలని మ్యానిఫెస్ట్ అనే చీటీలో రాసి అడిగినవాటికి 6.0. ఇప్పటికీ విండోస్ 11లో ఏదో పాత టూల్ తెరిస్తే బూడిదరంగు చదరపు బటన్లు కనిపిస్తాయి చూడండి. ఆ ప్రోగ్రామ్ చీటీ ఇవ్వలేదన్నమాట.

మీ చేతిలో ఉన్న ఫోన్ దగ్గరికి వద్దాం. ఆండ్రాయిడ్‌లో చాలా యాప్‌లు తమ బటన్ల లైబ్రరీని తమ లోపలే కట్టుకుని వస్తాయి. ఎవరి గంగాళం వాళ్లదే. ఒకదాన్ని తీసేస్తే ఇంకోటి ఆగదు. కానీ అదే కోడ్ మీ ఫోన్‌లో ఎన్నో కాపీలుగా కూర్చుంటుంది. స్టోరేజ్ ఫుల్ అవ్వడానికి ఇదీ ఒక కారణం.

అలాగని ఉమ్మడివి పూర్తిగా పోలేదు. యాప్ లోపల వెబ్ పేజీ చూపించే వెబ్‌వ్యూ ఇప్పటికీ ఉమ్మడిదే. 2021 మార్చి 23న పొద్దున్నే జీమెయిల్‌తో సహా బోలెడు యాప్‌లు తెరవగానే మూసుకుపోయాయి, గుర్తుందా? కారణం వెబ్‌వ్యూకి వచ్చిన ఒక అప్‌డేట్. అందరూ ఆ యాప్‌లని తీసి మళ్లీ వేశారు, ఫోన్ తిప్పి తిప్పి చూశారు. వాళ్లు కూడా ఏమీ ముట్టుకోలేదు. నాలాగే.

అయితే ఉమ్మడి ఫైల్‌ని ఊరికే తిట్టలేం. నాన్న షాపులో నేను పోగొట్టిన ఆ ఓసీఎక్స్‌లోనే ఒక పెద్ద రంధ్రం బయటపడింది. ఒక వర్డ్ డాక్యుమెంట్ తెరిపిస్తే చాలు, కంప్యూటర్ హ్యాకర్ చేతికి పోయేది. 2012 ఏప్రిల్‌లో మైక్రోసాఫ్ట్ దాన్ని మూసింది. అప్‌డేట్ వేసుకున్న కంప్యూటర్‌లో ఆ ఉమ్మడి ఫైల్ ఒక్కటి మారితే, దాన్ని వాడే ప్రోగ్రామ్‌లన్నిటికీ మందు అందింది. ఎవరి కాపీ వాళ్లదైతే? ప్రతి కంపెనీ విడిగా అప్‌డేట్ ఇవ్వాలి. మూతపడిన కంపెనీ యాప్‌కి ఎవరిస్తారు?

ఇన్నేళ్ల చరిత్రలో నాకు అర్థమైంది ఒక్కటే. పంచుకుంటే చోటు మిగులుతుంది, బాగుచేయడం తేలిక. కానీ ఎవరెవరు దాని మీద ఆధారపడ్డారో ఎక్కడో ఒకచోట సరిగ్గా రాసి ఉండాలి. ఆ రాత చెడిన ప్రతిసారీ దెబ్బ తగిలింది ఆ ఫైల్ పేరు కూడా తెలియని మనిషికి. మా ఇంట్లో ఆ మనిషి మా నాన్న.

మర్నాడు రిపేర్ అతను వచ్చి పది నిమిషాల్లో ఆ ఫైల్ కాపీ చేసి వెళ్లాడు. చిట్టాలో మాత్రం అతను కూడా రాయలేదు!

మీ ఇంట్లో ఇలాంటి 'యెస్ టు ఆల్' కథ ఉంటే కామెంట్‌లో రాయండి. మళ్లీ కలుద్దాం, ఉంటా.